ఊరి పటంలో మన వాడకట్టు ఎక్కడ?

హాస్టల్‌లో ఉన్నప్పుడు "పెద్దయ్యాక ఏమవుతావు?" అని ఎవరడిగినా మనం చెప్పే జవాబులు నాలుగే నాలుగు: డాక్టరు, ఇంజనీరు, టీచరు, పోలీసు. తర్వాత తర్వాత గ్రూప్స్ కూడా ఆ జాబితాలో చేరింది. "టౌన్ ప్లానర్ అవుతాను" అన్న విద్యార్థి మాత్రం మాకు ఇంతవరకు తారసపడలేదు. అట్లాంటి ఉద్యోగం ఒకటుందనే చాలామందికి తెలియదు. మా ఇండ్లలో డిగ్రీ పట్టా అందుకున్న మొదటి తరం మేము. పీజీలో చేరిన తర్వాతే ఈ విషయం గురించి చదివే అవకాశం దొరికింది. చదివినకొద్దీ పట్టణ ప్రణాళిక అనేది హైదరాబాద్, న్యూయార్క్‌లకు ఎంత అవసరమో, మన ఏర్గట్లకూ అంతే అవసరమని అర్థమైంది. అందుకే ఈ వార్షికోత్సవ సంచికలో తమ్ముళ్లతో, చెల్లెళ్లతో, మనకంటే ముందు ఈ గదుల్లో చదువుకొని వెళ్లిన అన్నలతో, అక్కలతో కొన్ని సంగతులు పంచుకోవాలనుకున్నాం.

ప్రణాళిక అంటే ఏమిటి?

ఒక ఊరిలో ఏ జాగాను దేనికి వాడాలి, రోడ్డు ఎంత వెడల్పు ఉండాలి, నీళ్లు ఎటునుంచి రావాలి, మోరి ఎటు పారాలి, బడి, దవాఖాన, అంగడి, బొందలగడ్డ ఎక్కడ ఉండాలి అన్నది ముందుగానే ఆలోచించి పటం మీద గీసుకోవడమే ప్రణాళిక. నివాసయోగ్యమైన ఊరు అంటే ఏమిటో చెప్పడానికి పెద్ద నిర్వచనాలు అక్కర లేదు. చిన్న పిల్లవాడు బండ్ల భయం లేకుండా నడిచి బడికి పోగలగాలి. ముసలమ్మ ఆటో కిరాయి లేకుండానే దవాఖానకు చేరగలగాలి. ఆడపిల్ల పొద్దుగూకిన తర్వాత కూడా ధైర్యంగా ఇంటికి రాగలగాలి. ఇవన్నీ ఈనాటికే కాక రేపటి తరానికి కూడా మిగిలేటట్టు చెరువును, చెట్టును, భూగర్భ జలాన్ని కాపాడుకుంటే దాన్నే సుస్థిర అభివృద్ధి అంటారు.

ఈ చర్చ మనకు ఇప్పుడే ఎందుకు అవసరం? 2016 అక్టోబరు 11న రాష్ట్రంలో కొత్త జిల్లాలు, కొత్త మండలాలు ఏర్పడినప్పుడు ఏర్గట్ల కూడా మండల కేంద్రమైంది. అంతకుముందు మనం మోర్తాడ్ మండలంలో ఉండేవాళ్లం. మండల కేంద్రమైతే ఆఫీసులు వస్తాయి. ఆఫీసులు వస్తే దుకాణాలు వస్తాయి, రోడ్డు పక్క భూమికి ధర వస్తుంది, పొలాలు ప్లాట్లవుతాయి. గల్ఫ్‌లో చెమటోడ్చి సంపాదించిన పైసలు ఇక్కడ స్లాబు ఇండ్లవుతాయి. ఆర్మూర్ ఇట్లానే పెరిగింది. 44వ, 63వ నంబరు జాతీయ రహదారులు కలిసే చోటు కావడం, 2017లో పెద్దపల్లి - నిజామాబాద్ రైలు మార్గం పూర్తికావడం దాని పెరుగుదలకు తోడయ్యాయి. ఊరు పట్నంగా మారే ఈ దశలోనే గీతలు పడతాయి. ఒకసారి గోడ లేచిన తర్వాత రోడ్డును వెడల్పు చేయడం, మోరిని మళ్లించడం ఎంత కష్టమో మనకు తెలిసిందే.

కాగితం మీద లేని పటం

నిజానికి మన ఊళ్లకు ఒక పాత పటం ఉన్నది. దాన్ని ఏ ఇంజనీరూ గీయలేదు, ఏ ఆఫీసులోనూ దొరకదు. అయినా వందల ఏండ్లుగా అమలవుతూనే ఉన్నది. ఊరు ఒక దిక్కు, వాడ ఒక దిక్కు. గుడి, చావడి, మంచినీళ్ల బావి ఊరి నడుమ. మాల, మాదిగ వాడకట్టులు ఊరి చివర, చాలాచోట్ల పల్లంలో. కులం అనేది మనుషుల మనసుల్లోనే కాదు, నేల మీద కూడా గీతగా పడి ఉన్నది.

ఆ గీత ఫలితం ఈనాటికీ కనిపిస్తుంది. పైపులైన్ ఊరి నడుమ నుండి మొదలవుతుంది కాబట్టి చివరి వాడకు వచ్చేసరికి నల్లా సన్నబడుతుంది. మోరి నీళ్లు పల్లానికే పారుతాయి కాబట్టి ముందుగా అక్కడికే చేరుతాయి. సీసీ రోడ్డు, వీధి దీపం వరుసలో చివరన వస్తాయి. ఎవరూ పనిగట్టుకొని అన్యాయం చేయకపోయినా పాత పటాన్ని మార్చకుండా దాని మీదనే కొత్త పనులు చేసుకుంటూ పోతే అన్యాయం తనంతట తానే కొనసాగుతుంది. ప్రణాళిక గురించి మనం నేర్చుకోవలసిన మొదటి పాఠం ఇదే.

అమెరికాలో ఎర్ర గీత

ఇట్లాంటి గీతలు మన దగ్గరే ఉన్నాయనుకుంటే పొరపాటు. అన్నిటికంటే ధనిక దేశమైన అమెరికాలో వాటిని ప్రభుత్వమే కాగితం మీద గీసింది. ఆర్థిక మాంద్యం కాలంలో ఇంటి అప్పులు కట్టలేక ఇండ్లు పోగొట్టుకుంటున్నవారిని ఆదుకోవడానికి 1933లో హోమ్ ఓనర్స్ లోన్ కార్పొరేషన్ అనే సంస్థ ఏర్పడింది. ఆ సంస్థ 1935 - 40 మధ్య 200కు పైగా నగరాలకు పటాలు తయారుచేసి, వాడకట్టులకు నాలుగు రంగులు వేసింది. ఆకుపచ్చ అంటే అప్పు ఇవ్వడానికి ఎంతో మంచిది, నీలం పరవాలేదు, పసుపు దిగజారుతున్నది, ఎరుపు ప్రమాదకరం. నల్లజాతివారు ఉన్న వాడలకు దాదాపు అంతటా ఎరుపే పడింది. 1934లో ఏర్పడిన ఫెడరల్ హౌసింగ్ అడ్మినిస్ట్రేషన్ కూడా ఇదే పద్ధతిలో ఆ వాడల్లో ఇంటి అప్పులకు హామీ ఇవ్వలేదు. అప్పు లేదు కాబట్టి కొత్త ఇల్లు లేదు, పాత ఇంటికి మరమ్మతు లేదు. ఇంటికి విలువ లేదు కాబట్టి పిల్లలకు మిగిలే ఆస్తి లేదు.

1956లో జాతీయ రహదారుల చట్టం వచ్చింది. నగరాల గుండా పెద్ద రోడ్లు వేయవలసి వచ్చినప్పుడు భూమి చౌకగా దొరికేది, అడ్డం చెప్పే బలం తక్కువగా ఉండేది ఆ పేద వాడల్లోనే. సెయింట్ పాల్ నగరంలో రోండో అనే నల్లజాతి వాడను చీల్చుకుంటూ రహదారి పోయింది. మయామిలో ఓవర్‌టౌన్, న్యూ ఆర్లీన్స్‌లో క్లెయిబోర్న్ అవెన్యూ కథ కూడా అదే. 1968 ఏప్రిల్‌లో మార్టిన్ లూథర్ కింగ్ హత్య జరిగిన వారం రోజులకు గృహవసతిలో వివక్షను నిషేధించే చట్టం వచ్చింది. అయితే చట్టం మారినంత తొందరగా నేల మారలేదు. 2020లో వెలువడిన ఒక పరిశోధన 108 అమెరికా నగర ప్రాంతాలను పరిశీలించింది. ఒకప్పుడు ఎర్ర రంగు పడిన వాడల్లో ఎండాకాలం వేడి, మంచి రంగు పడిన వాడల కంటే సగటున 2.6 డిగ్రీల సెల్సియస్ ఎక్కువని తేలింది. కారణం అక్కడ చెట్లు తక్కువ, సిమెంటు, తారు ఎక్కువ. ఎనభై ఏండ్ల కింద వేసిన రంగు ఈనాటికీ మనుషుల ఒంటికి తగులుతున్నదన్నమాట.

తన తప్పును ఒప్పుకోవడం మాత్రం ఆ దేశం నేర్చుకుంటున్నది. రోండోకు జరిగిన నష్టానికి సెయింట్ పాల్ మేయర్ 2015లో బహిరంగంగా క్షమాపణ చెప్పాడు.

బాబాసాహెబ్‌కు దొరకని గది

ఈ రెండు లోకాలనూ కళ్లారా చూసిన మనిషి బాబాసాహెబ్ అంబేద్కర్. 1913 నుండి 1916 వరకు ఆయన న్యూయార్క్‌లోని కొలంబియా విశ్వవిద్యాలయంలో చదివారు. తర్వాత లండన్ వెళ్లి, 1917లో బరోడా సంస్థానంలో ఉద్యోగంలో చేరడానికి తిరిగివచ్చారు. అన్ని చదువులు చదివిన ఆ మనిషికి బరోడా నగరంలో అద్దెకు ఒక గది దొరకలేదు. చివరికి పార్సీల సత్రంలో పార్సీ పేరుతో ఉండవలసి వచ్చింది. ఆ సంగతి బయటపడగానే కర్రలు పట్టుకొని వచ్చిన గుంపు ఆయనను అక్కడినుంచి వెళ్లగొట్టింది. తన అనుభవాలను రాసుకున్నప్పుడు ఆయన ఈ సంఘటనను వివరంగా చెప్పారు.

ఉద్యోగ పరీక్షల కోచింగ్ కోసం హైదరాబాద్‌లో గదులు వెదికిన మన అన్నలకు, అక్కలకు ఈ కథ కొత్తగా అనిపించదు. టు-లెట్ బోర్డు చూసి లోపలికి పోతే ముందు ఊరి పేరు, తర్వాత ఇంటి పేరు, ఆ తర్వాత అసలు ప్రశ్న. నగరం అందరినీ కలుపుతుందని పుస్తకాల్లో చదువుతాం. కలిపే నగరం కావాలంటే అందరికీ దగ్గరలో, అందరికీ అందే ధరలో ఇండ్లు ఉండేటట్టు ఎవరో ఒకరు ఆలోచించాలి.

హైదరాబాద్ నేర్చుకున్నది, మరచిపోయింది

అట్లా ఆలోచించిన కాలం మన రాష్ట్ర చరిత్రలో ఉన్నది. 1908 సెప్టెంబరు 28న మూసీ నది పొంగి హైదరాబాద్‌ను ముంచెత్తింది. వేలమంది చనిపోయారు. మరుసటి ఏడు మోక్షగుండం విశ్వేశ్వరయ్యను పిలిపించారు. ఆయన నగరానికి ఎగువన జలాశయాలు కట్టాలనీ, నగరంలో మురుగునీటి వ్యవస్థ ఏర్పాటుచేయాలనీ సూచించారు. మూసీ మీద ఉస్మాన్ సాగర్ 1920లో, ఈసీ మీద హిమాయత్ సాగర్ 1927లో పూర్తయ్యాయి. 1912లో సిటీ ఇంప్రూవ్‌మెంట్ బోర్డు ఏర్పడి ఇరుకు బస్తీల బదులు గాలి, వెలుతురు వచ్చే ఇండ్లు కట్టించింది, రోడ్లు వెడల్పు చేసింది. ఇప్పటికీ అందంగా కనిపించే పత్తర్‌గట్టి రాతి కట్టడాలు ఆ బోర్డు పనే. వరదను ఆపడం, తాగునీళ్లు ఇవ్వడం, పేదవారికి ఇల్లు చూపడం అన్నవి వేరు వేరు పనులు కావని, ఒకే పనిలో భాగాలని ఆనాటివారు గ్రహించారు.

తర్వాతివారు ఆ పాఠాన్ని మరచిపోయారు. చెరువులు పూడ్చి కాలనీలు కట్టారు, నాలాల మీద గోడలు లేపారు. 2000 ఆగస్టులో, మళ్లీ 2020 అక్టోబరులో వానలకు నగరం మునిగింది. పల్లపు బస్తీలవారే ఎక్కువ నష్టపోయారు. జంట జలాశయాల చుట్టూ నిర్మాణాలను నియంత్రిస్తూ 1996లో 111వ జీవో వచ్చింది. ఆ ఆంక్షలను తొలగిస్తూ 2022లో మరో జీవో వచ్చింది. గీసిన గీతను కాపాడుకోవడం గీయడం కంటే కష్టమని దీనివల్ల తెలుస్తున్నది.

కారు ఊరు, కాలినడక ఊరు

మన తెలుగువారు వేల సంఖ్యలో స్థిరపడిన డాలస్ చుట్టుపక్కల ఇర్వింగ్, ఫ్రిస్కో వంటి చోట్ల చాలా కాలనీల్లో ఇండ్లు చూడముచ్చటగా ఉంటాయి. కానీ పాల ప్యాకెట్ కావాలన్నా కారు తీయాలి. కొడుకు దగ్గరికి వెళ్లిన తల్లిదండ్రులు పగలంతా ఇంట్లోనే కూర్చోవలసి వస్తుంది. దీనికి కారణం జోనింగ్ చట్టాలు. ఇండ్లు ఒకచోట, దుకాణాలు ఒకచోట, పని ఒకచోట విడివిడిగా ఉండాలనే నిబంధన న్యాయమైనదేనని అమెరికా సుప్రీంకోర్టు 1926లో యూక్లిడ్ అనే ఊరి కేసులో తీర్పు చెప్పింది. అప్పటినుండి ఆ పద్ధతి దేశమంతా పాకింది.

దీన్ని ప్రశ్నించినవారిలో ముఖ్యురాలు జేన్ జేకబ్స్. ఆమెకు ప్రణాళికలో డిగ్రీ లేదు. తన వీధిని శ్రద్ధగా గమనించి 1961లో ఒక పుస్తకం రాసింది. కింద దుకాణం, పైన ఇల్లు, అరుగు మీద మనుషులు, పొద్దంతా రాకపోకలు ఉన్న వీధే క్షేమమైన వీధి అని, పదిమంది చూపే ఆ వీధికి కాపలా అని ఆమె వాదించింది. న్యూయార్క్‌లో తమ పేటల మీదుగా వేయబోయిన రహదారిని ఇరుగుపొరుగువారితో కలిసి ఆపింది. ఈనాడు అమెరికా నగరాలు మెల్లగా ఆ దారికి వస్తున్నాయి. ఒక స్థలంలో ఒకే కుటుంబానికి ఇల్లు అనే నిబంధనను ఎత్తివేసే ప్రణాళికను మినియాపోలిస్ నగర మండలి 2018లో ఆమోదించింది.

ఆలోచిస్తే జేన్ జేకబ్స్ కోరిన వీధి మనకు తెలియనిది కాదు. ముందు కిరాణా కొట్టు, వెనుక ఇల్లు, గద్దె మీద నలుగురు పెద్దమనుషులు ఉన్న వీధులు మన దగ్గర ఎన్నో ఉన్నాయి. అమెరికా వదులుకుంటున్నదాన్ని మనం గొప్ప అనుకొని తెచ్చుకోవలసిన అవసరం లేదు. ఆ వీధుల్లోకి అన్ని వాడలవారికీ సమానంగా దారి ఏర్పడితే చాలు.

పసుపు ఊరికి కావలసిన ఖాళీ జాగా

ప్రతి ఊరి ప్రణాళిక ఆ ఊరి బతుకుదెరువును బట్టి ఉండాలి. మనది పసుపు ప్రాంతం. ఎనిమిది తొమ్మిది నెలలు పెంచిన పంటను తవ్వి తీసిన తర్వాత ఉడకబెట్టాలి, దాదాపు రెండు వారాలు ఎండబెట్టాలి, తర్వాత పాలిష్ పట్టి నిజామాబాద్ మార్కెట్‌కు తీసుకుపోవాలి. ఎండబెట్టడానికి కల్లం కావాలి. తవ్వే కాలంలో మన వాళ్లు, ముఖ్యంగా ఆడవాళ్లు, పగలంతా పనిచేసేది ఆ చేన్లలో, ఆ కల్లాల్లోనే. రోడ్డు పక్క కల్లాలు ప్లాట్లుగా మారితే మక్కలు, వడ్లు, పసుపు తారు రోడ్డు మీదికి వస్తాయి. రాత్రిపూట ఆ కుప్పలు, వాటి చుట్టూ పెట్టిన రాళ్లు కనిపించక బైకుల మీద పోయేవారు పడి చనిపోయిన వార్తలు ప్రతి సీజన్‌లో చదువుతూనే ఉన్నాం. జాతీయ పసుపు బోర్డు 2025 జనవరిలో నిజామాబాద్ కేంద్రంగా మొదలైంది. బోర్డు రావడం సంతోషమే. దానితోపాటు ప్రతి ఊరిలో నీడ, తాగునీరు, మరుగుదొడ్డి ఉన్న ఉమ్మడి కల్లం కూడా రావాలి. పెద్ద నగరానికి పార్కు ఎంత ముఖ్యమో, పసుపు ఊరికి కల్లం అంత ముఖ్యం.

ప్లాటు కొనేముందు

మన తల్లిదండ్రులు జీవితమంతా కూడబెట్టి కొనేది ఒక్క ప్లాటు. కాబట్టి ఈ విషయం అందరూ తెలుసుకోవాలి. లేఅవుట్ చేసేవారు నిబంధనల ప్రకారం రోడ్లు వదలాలి. మొత్తం జాగాలో కనీసం 10 శాతం ఖాళీ స్థలంగా విడిచి గ్రామపంచాయతీ పేరు మీద రాసివ్వాలి. బడి పిల్లల ఆటస్థలం, చెట్లు, నీళ్ల ట్యాంకు వచ్చేది ఆ జాగాలోనే. అనుమతి లేని వెంచర్లలో ఆ జాగాను కూడా ప్లాట్లు చేసి అమ్ముకుంటారు. 2020లో ప్రభుత్వం అనుమతి లేని ప్లాట్లను క్రమబద్ధం చేసుకోవడానికి 131వ జీవో తెస్తే 25 లక్షలకు పైగా దరఖాస్తులు వచ్చాయి. ఖాళీ స్థలం విడవని లేఅవుట్లలో దానికి బదులుగా ప్లాటు విలువలో 14 శాతం రుసుము కట్టాలన్నారు. అంటే జాగా మింగింది వెంచర్ వేసినవాడు, రుసుము కట్టింది కొనుక్కున్న పేదవాడు. డబ్బులు కట్టినా ఆటస్థలం మాత్రం తిరిగిరాదు.

కాబట్టి బయానా ఇచ్చేముందు మూడు ప్రశ్నలు అడగాలి. లేఅవుట్ అనుమతి నంబరు ఏమిటి? 10 శాతం జాగా ఎక్కడ ఉంది, పంచాయతీకి రాసిచ్చారా? వాననీళ్లు ఎటు పోతాయి, ఇది చెరువు శిఖమా? జవాబు చెప్పకపోతే సమాచార హక్కు చట్టం కింద దరఖాస్తు పెట్టవచ్చు. దారిద్ర్యరేఖకు దిగువన ఉన్నవారికి ఫీజు కూడా లేదు. ఇంట్లో ఒక్కరు చదువుకున్నవారు ఉంటే ఆ దరఖాస్తు రాయడానికి అరగంట పడుతుంది.

నిర్ణయం ఎవరిది?

తెలంగాణ పంచాయతీరాజ్ చట్టం 2018లో వచ్చింది. ఆ చట్టం ప్రకారం రెండు నెలలకొకసారి గ్రామసభ జరగాలి. పారిశుధ్యం, వీధి దీపాలు, మొక్కల పెంపకం, అభివృద్ధి పనులకు నాలుగు స్థాయీ సంఘాలు ఉండాలి. 2019లో మొదలైన పల్లెప్రగతి కింద ఊరూరా నర్సరీ, డంపింగ్ యార్డు, వైకుంఠధామం, ప్రకృతివనం వచ్చాయి. దళిత వాడల్లో సౌకర్యాల కోసం నిధులు ప్రత్యేకంగా కేటాయించాలని 2013 నాటి ఉపప్రణాళిక చట్టం, దాని స్థానంలో 2017లో వచ్చిన ప్రత్యేక అభివృద్ధి నిధి చట్టం చెబుతున్నాయి. చట్టాలు ఉన్నాయి. అడిగే గొంతు కావాలి.

మన జిల్లాలో మరో వ్యవస్థ ఉన్నది. అదే గ్రామాభివృద్ధి కమిటీ, అందరూ వీడీసీ అంటారు. గుడి కట్టడం నుండి రోడ్లు బాగుచేయడం వరకు ఊరివారి చందాలతో, వేలం పాటల పైసలతో ఈ కమిటీలు చేసిన మంచి పనులు ఉన్నాయి. ప్రభుత్వం కోసం ఎదురుచూడకుండా ఊరే పూనుకోవడం మెచ్చుకోదగినదే. కానీ ఈ కమిటీలను ఓటు వేసి ఎన్నుకోము. వాటికి చట్టబద్ధమైన అధికారం లేదు. కమిటీ మాట వినలేదని జరిమానాలు వేయడం, కులాలకు కులాలనే సాంఘిక బహిష్కరణ చేయడం వంటి సంఘటనలు ఈ జిల్లా నుండి పదే పదే పత్రికలకెక్కాయి. ఊరంతా కలిసి చేసే పని గొప్పదే, అయితే ఊరంతా అన్నప్పుడు అందులో చివరి వాడ కూడా ఉండాలి. లెక్కలు అడగడానికి, కాదని చెప్పడానికి అందరికీ హక్కు ఉన్న చోటు గ్రామసభ ఒక్కటే. అందుకని సెలవుల్లో ఇంటికి పోయినప్పుడు గ్రామసభ ఉంటే తప్పకుండా వెళ్దాం. మన అమ్మలను కూడా తీసుకుపోదాం. నీళ్లు మోసేది, మోరి పక్కన అంట్లు తోమేది వారే కాబట్టి ఏది ఎక్కడ ఉండాలో అందరికంటే వారికే బాగా తెలుసు.

ఈ చదువు మనకూ ఉన్నది

ఇంటర్ తర్వాత ప్రణాళికలో నాలుగేండ్ల డిగ్రీ చేయవచ్చు. హైదరాబాద్ మాసబ్‌ట్యాంక్‌లోని జవహర్‌లాల్ నెహ్రూ ఆర్కిటెక్చర్ అండ్ ఫైన్ ఆర్ట్స్ యూనివర్సిటీలో, 2008లో ప్రారంభమైన విజయవాడ స్కూల్ ఆఫ్ ప్లానింగ్ అండ్ ఆర్కిటెక్చర్‌లో ఈ కోర్సులు ఉన్నాయి. సివిల్ ఇంజనీరింగ్, ఆర్కిటెక్చర్ చదివినవారు, కొన్నిచోట్ల భూగోళం, అర్థశాస్త్రం పీజీ చేసినవారు కూడా మాస్టర్స్‌లో చేరవచ్చు. పబ్లిక్ సర్వీస్ కమిషన్ ద్వారా టౌన్ ప్లానింగ్ బిల్డింగ్ ఓవర్‌సీర్ ఉద్యోగాలు భర్తీ చేస్తారు. విదేశాల్లో చదవాలనుకునే మన విద్యార్థులకు అంబేద్కర్ ఓవర్సీస్ విద్యానిధి పథకం ఉన్నది.

తమ్ముళ్లారా, చెల్లెళ్లారా! రేపు ఏర్గట్ల పెద్ద పటం గీసే రోజు వస్తుంది. ఆ బల్ల చుట్టూ కూర్చున్నవారిలో నీళ్లు చివరన వచ్చే గల్లీలో పుట్టినవారు ఒక్కరైనా ఉండాలి. కొత్త కాలనీ ఎక్కడ పెడుతున్నారు, అక్కడినుంచి బడి ఎంత దూరం, మోరి ఎవరి ఇంటి ముందునుంచి పోతుంది అని అడిగేవారు ఉండాలి. ఆ ప్రశ్న అడగగలిగే చదువు మనకు ఈ హాస్టల్ ఇచ్చింది. ఇక్కడినుంచి వచ్చే బ్యాచుల్లో కనీసం ఒక్కరైనా ఆ కోర్సులో చేరాలని మేము కోరుకుంటున్నాం. చేరాలనుకునేవారికి దరఖాస్తు నింపడం దగ్గరనుండి సీటు వచ్చేదాకా పూర్వ విద్యార్థులమందరం తోడుగా ఉంటాం.